విజయనగరం పేరు పెట్టుకున్న జట్టు

దసరా సెలవులకి మనవలు వచ్చేరు. పండగ అయిపోయినా, సిరిమాను చూసుకునే వెళ్తామని ఇద్దరూ పట్టుబట్టేరు. సిరిమాను మంగళవారం. మధ్యలో నాలుగు రోజులున్నాయి. ఇద్దరు పిల్లలు నాలుగు రోజులు ఖాళీగా ఉంటే ఇల్లు ఇల్లులా ఉంటుందా? రెండో రోజు పొద్దున్నే దెబ్బలాట మొదలయింది.

జంతికల కోసమో, ఉయ్యాలబల్ల కోసమో అయి ఉంటుందని వంటింట్లోంచి మా ఇంటావిడ కేకలేసింది. తీరా చూస్తే తగువు అది కాదు. జాక్ హాబ్స్ అనే ఇంగ్లండు ఆటగాడు తన జన్మలో ఎన్ని సెంచరీలు కొట్టేడన్నది తగువు. మనవడి చేతిలో నా పాత క్రికెట్ పుస్తకం ఉంది. మనవరాలి చేతిలో వాళ్ళమ్మ సెల్‌ఫోను ఉంది.

"నూట తొంభై ఏడు" అంటాడు వాడు.

"నూట తొంభై తొమ్మిది" అంటుంది అది.

పుస్తకం అబద్ధమాడదని వాడి వాదం. ఫోను అబద్ధమాడదని దాని వాదం. చివరికి తీర్పు చెప్పమని ఇద్దరూ నా పడక్కుర్చీ దగ్గరికి వచ్చి నిలబడ్డారు.

"ఇద్దరూ నిజమే చెప్తున్నారు" అన్నాను.

"అదెలా కుదుర్తుంది తాతా?"

"ఆ తేడా పడ్డ రెండు సెంచరీలూ విజయనగరం జట్టు తరపున కొట్టినవి. వాటిని లెక్కలోకి తీసుకోవాలా వద్దా అన్న సంగతి ఇప్పటికీ తేలలేదు."

పిల్లలు తగువు మరిచిపోయి నవ్వేరు. ప్రపంచంలో అంత పేరున్న మనిషి మన ఊరి పేరుతో ఆడడమేమిటని వాళ్ళ నవ్వు. వాళ్ళ తప్పు లేదు. ఊళ్ళో పుట్టి పెరిగిన నాకే ఆ జట్టు కథ పూర్తిగా తెలియడానికి సగం జీవితం పట్టింది. ఆ మధ్యాహ్నం వాళ్ళకి చెప్పినదే ఇప్పుడు మీకూ చెప్తున్నాను.

నాన్నగారి రేడియో

నాకు ఈ జట్టు సంగతి మొదట తెలిసింది రేడియోలో. మా నాన్నగారికి క్రికెట్ అంటే ఏమంత పిచ్చి లేదు. ఒక ఓవరుకి ఎన్ని బంతులో కూడా సరిగా తెలుసో లేదో! అయినా టెస్టు మ్యాచి ఉందంటే మాత్రం అయ్యకోనేరు గట్టుమీదికి షికారు మానుకుని రేడియో దగ్గర కూర్చునేవారు. అందులో ఇంగ్లీషులో గంటలకొద్దీ మాట్లాడే ఒక పెద్దమనిషి గొంతు కోసం ఆ కూర్చోడం. ఆయన ఆట గురించి తక్కువా, తాను ఆడిన పులివేటల గురించి ఎక్కువా చెప్తారని లోకంలో వేళాకోళం ఉండేది. ఒకసారి ఆయన తాను ఎన్ని పులుల్ని కొట్టేరో చెప్పుకుంటూంటే, "తుపాకీతోనా? రేడియోలో మీ కామెంటరీ వినిపించి చంపేరనుకున్నానే!" అని ఒక వెస్టిండీస్ ఆటగాడు అన్నాడని ఒక కథ ప్రచారంలో ఉంది.

"ఎవరు నాన్నా ఆయన?" అని అడిగేను ఒకనాడు.

"విజ్జీ. మన రాజాగారి పినతండ్రి" అన్నారు నాన్నగారు. "మన ఊరి పేరు రేడియోలో వినబడుతూంటే తలతిప్పి చూడమూ? అంతే."

ఆ మాటలోని అభిమానం నాకూ అంటుకుంది. తరవాత ఉద్యోగానికి వేరే ఊరు పోయినప్పుడు ఆ అభిమానానికి మొదటి దెబ్బ తగిలింది. మాది విజయనగరం అనగానే ఒక సహోద్యోగి, "ఓహో! మూడు టెస్టుల్లో ముప్ఫైమూడు పరుగులు కొట్టిన కెప్టెన్ గారి ఊరా?" అన్నాడు. అందరూ నవ్వేరు. నేనూ నవ్వేను గాని, ఇంటికొచ్చేక అన్నం సయించలేదు. ఊరి పేరు ఒకరు పెట్టుకుంటే ఊరికి ఇంత అవమానం ఎందుకు రావాలి? పోనీ, ఆ పేరుకి ఏదైనా గౌరవం కూడా వచ్చిందా? అప్పటినుంచి దొరికిన పుస్తకమల్లా తిరగేస్తూ వచ్చేను.

కాశీలో విజయనగరం

విజ్జీ అసలు పేరు పూసపాటి విజయానంద గజపతిరాజు. 1905 డిసెంబరు 28న పుట్టేరు. విజయనగరం సంస్థానాధీశులు విజయరామ గజపతిరాజుగారికి రెండో కొడుకు. రెండో కొడుకు కనక గద్దె అన్నగారు అలక్ నారాయణ గజపతిరాజుగారికి వెళ్ళింది. ఈయనకి 'మహారాజ్‌కుమార్' అన్న బిరుదు మిగిలింది. అజ్మీరులోని మేయో కళాశాలలోనూ, ఇంగ్లండులోని హెయిలీబరీలోనూ చదివేరు. టెన్నిస్ బాగా ఆడేవారు. గురి తప్పని వేటగాడు. కాని మనసంతా క్రికెట్ మీద. దురదృష్టమేమిటంటే, మిగిలిన రెండింటిలో ఉన్న చేవ ఆయనకి ఈ మూడోదానిలో లేకపోయింది.

విజయనగరం రాజులకి కాశీలో ఆస్తులుండేవి. వాటిని చూసుకోడానికని ఆయన అక్కడ కాపరం పెట్టేరు. 1926లో ఒక జట్టు కట్టి, కాశీలో తమ భవనం ఆవరణలోనే మైదానం వేయించేరు. ఆ జట్టుకి సభ్యత్వ రుసుం లేదు, కార్యవర్గం లేదు. ఇష్టమైన ఆటగాణ్ణి పిలవడం, ఖర్చు భరించడం, ఆడించడం అన్నీ ఆయనే. పేరు మాత్రం 'మహారాజ్‌కుమార్ ఆఫ్ విజయనగరం ఇలెవెన్'. అలా మన ఊరి పేరు మన గంటస్తంభం దగ్గర కాక గంగ ఒడ్డున ఉన్న ఒక మైదానానికి అతుక్కుంది.

ఆ రోజుల్లో దేశంలో క్రికెట్ చాలావరకు సంస్థానాధీశుల చేతుల్లోనే ఉండేది. పాటియాలా మహారాజుకి ఒక జట్టు, హైదరాబాదులో నవాబు మొయినుద్దౌలాకి ఒక జట్టు. మంచి ఆటగాడికి కూడు పెట్టే కొలువు కూడా వాళ్ళ దగ్గరే దొరికేది. ముస్తాక్ అలీ అనే ఇందూరు కుర్రవాడు కాశీలో విజ్జీ చాటున పెరిగేడు. నాగపూరులో స్థిరపడ్డ తెలుగు కుటుంబంలో పుట్టిన సి.కె. నాయుడు కూడా ఈ జట్టుకి ఆడేడు. 1926లో బొంబాయిలో ఇంగ్లీషు జట్టుమీద 11 సిక్సర్లతో 153 పరుగులు కొట్టి దేశాన్ని ఊపేసిన నాయుడే ఆయన.

ఉప్పు ఏటి కానుక

ఇక 1930. ఆ ఏడు గాంధీగారు దండికి నడిచేరు. దేశమంతా ఉప్పు సత్యాగ్రహం. ఇంగ్లండునుంచి రావలసిన ఎం.సి.సి. జట్టు, ఈ అలజడిలో మన దేశం రావడం మానుకుంది. క్రికెట్ ప్రియులు నీరుగారిపోయేరు. విజ్జీకి మాత్రం అదే అదనుగా తోచింది. 'వాళ్ళు రాకపోతే నేనే రప్పిస్తా' అన్నట్టు, ఇంగ్లండులోకెల్లా పేరుమోసిన ప్రారంభపు జంటకి కబురుపెట్టేరు. ఒకరు జాక్ హాబ్స్, రెండోవారు హెర్బర్ట్ సట్‌క్లిఫ్.

ఈ జంట సంగతి తెలియని పాఠకులకి ఒక్కమాట. టెస్టు మ్యాచుల్లో ఈ ఇద్దరూ కలిసి మొదలుపెట్టినప్పుడు, తొలి వికెట్టు పడేలోగా వచ్చిన పరుగుల సగటు 87.81. నూరు దాటిన భాగస్వామ్యాలు పదిహేను. ఆ ఏడే హాబ్స్ టెస్టులనుంచి విరమించుకున్నాడు. ఆ డిసెంబరుకి అతనికి 48 ఏళ్ళు నిండేయి. ఇలాంటి ఆహ్వానాలు అంతకు ముందు అయిదుసార్లు వస్తే కాదన్న మనిషి, విజ్జీ పిలిస్తే సరేనన్నాడు. ఒకపక్క ఇంగ్లీషు బట్టలు వీధుల్లో తగలబడుతున్నాయి. మరోపక్క ఇంగ్లీషు ఆటగాళ్ళిద్దరు విజయనగరం పేరు చెప్పుకుని ఇండియాలోనూ సింహళంలోనూ ఊరూరా తిరిగి ఆడుతున్నారు. అదీ ఆ కాలపు విచిత్రం!

ఆ పర్యటనలోనే హాబ్స్ కొట్టిన రెండు సెంచరీలు పేచీలో పడ్డాయి. 'ఫస్టు క్లాసు' అనిపించుకునే మ్యాచిలకి ఒక నియమావళి ఉంది. మూడు రోజులు తగ్గకుండా ఆడాలి, పక్షానికి పదకొండుగురుండాలి, ఆట ప్రమాణం తగినంత ఉండాలి. ఈ నియమాన్ని అంతర్జాతీయంగా రాసుకున్నది 1947లో. అంతకు ముందటి మ్యాచిలకి అది వర్తించదు. అందుచేత 1930–31లో ఒక రాజకుమారుడి సొంత జట్టు ఆడిన మ్యాచిల్ని ఏ పద్దులో రాయాలన్న ప్రశ్న లెక్కల పండితులకి వదిలేశారు. పండితులు రెండుగా చీలేరు. విజ్డెన్ అనే ప్రసిద్ధ వార్షిక గ్రంథం వాటిని కలపలేదు. దాని లెక్కలో హాబ్స్ పరుగులు 61,237, సెంచరీలు 197. రెండో పక్షంవాళ్ళు కలిపేరు. వాళ్ళ లెక్కలో పరుగులు 61,760, సెంచరీలు 199. ఎలా లెక్కవేసినా ప్రపంచంలో అందరికన్నా ఎక్కువ పరుగులూ ఎక్కువ సెంచరీలూ హాబ్స్‌వే కనక అతనికి వచ్చిన నష్టం లేదు. 1953లో క్రికెట్ వృత్తిగా ఆడేవాళ్ళలో మొదటగా 'సర్' బిరుదు అందుకున్నాడు. 1963లో కన్నుమూశాడు. పేచీ మాత్రం బతికే ఉంది.

"అయితే 523 పరుగులు మన ఊరివన్నమాట!" అంది మనవరాలు, ఫోనులోనే తీసివేత చేసి.

జార్డిన్‌కి తగిలిన దెబ్బ

ఆ జట్టుకి అసలైన కీర్తి మూడేళ్ళ తరవాత వచ్చింది. 1933–34లో ఇంగ్లండు జట్టు ఎట్టకేలకు మన దేశం వచ్చింది. నాయకుడు డగ్లస్ జార్డిన్. అంతకు ముందు ఏడే ఆస్ట్రేలియాలో బ్రాడ్‌మన్‌ని కట్టడి చెయ్యడానికి బ్యాట్స్‌మెన్ ఒంటిమీదికి బంతులు వేయించి, రెండు దేశాల మధ్య రగడ పెట్టిన మొండిఘటం. మన దేశంలో అతని జట్టుకి ఎదురు లేకపోయింది. టెస్టులు మూడింటిలో రెండు గెలిచి ఒకటి తేల్చకుండా వదిలేరు. బొంబాయీ, మద్రాసూ, కలకత్తా, అన్నిచోట్లా తిరిగేరు. ఇండియాలో వాళ్ళు ఓడిపోయింది ఒకే ఒక్క మ్యాచి. అది కాశీలో, విజయనగరం జట్టు చేతిలో, 14 పరుగుల తేడాతో!

ఈ సంగతి మొదటిసారి చదివినప్పుడు నేను పుస్తకం మూసి కాసేపు అలా కూర్చుండిపోయేను. ఆ సహోద్యోగి అప్పటికి ఎక్కడున్నాడో తెలియదు గాని, ఎదురుగా ఉంటే చెప్పి ఉండేవాణ్ణి: 'అయ్యా, యావద్భారతం చెయ్యలేని పని మా ఊరి పేరున్న జట్టు చేసింది' అని.

ముప్ఫైమూడు పరుగులు

కాని నిజం సగమే చెప్పకూడదు. మా సహోద్యోగి చెప్పిందీ నిజమే. జట్టు కట్టడంలో ఉన్న నేర్పు విజ్జీకి జట్టు నడపడంలో లేకపోయింది. 1932లో ఇంగ్లండు వెళ్ళే జట్టులో చిన్న పదవి వస్తే తప్పుకున్నారు. నాయకత్వం సి.కె. నాయుడికి దక్కింది. 1936లో మాత్రం విజ్జీయే కెప్టెన్ అయ్యేరు. పలుకుబడీ, డబ్బూ, బోర్డులో మాట చెల్లుబాటూ కలిసి ఆయన్ని ఆ కుర్చీలో కూర్చోబెట్టేయి. మొదటి టెస్టు ఇంకా మొదలుకాకుండానే, అప్పటికి జట్టులో బాగా ఆడుతున్న లాలా అమర్‌నాథ్‌ని క్రమశిక్షణ తప్పేడన్న నేరంమీద ఓడ ఎక్కించి ఇంటికి పంపేశారు. మూడు టెస్టుల్లో రెండు ఓడేం. ఆరు ఇన్నింగ్సుల్లో కెప్టెన్‌గారి పరుగులు 33. తరవాత బోర్డు వేసిన విచారణ సంఘం ఆయన నాయకత్వాన్నే తప్పుపట్టింది. ఆ పర్యటనలోనే ఆయనకి 'సర్' బిరుదు రావడం ఇంకో చోద్యం.

మరి ఆ చీకట్లో వెలుగు లేదా? ఉంది. మాంచెస్టరు టెస్టులో విజయ్ మర్చంట్, ముస్తాక్ అలీ తొలి వికెట్టుకి 203 పరుగులు జోడించేరు. ముస్తాక్ అలీ కొట్టిన 112, విదేశంలో భారతీయుడు కొట్టిన మొదటి టెస్టు సెంచరీ. కాశీ మైదానంలో విజ్జీ చేరదీసిన కుర్రవాడే అతను. మనిషిని ఒక్కమాటలో మంచివాడనో చెడ్డవాడనో తేల్చెయ్యడం ఎంత కష్టమో చూడండి.

ముప్ఫైమూడు పరుగుల కథ చెప్పేవాళ్ళు చివరి భాగం చెప్పరు. 1947లో విజ్జీ ఆ 'సర్' బిరుదుని వదులుకున్నారు. 1954 నుంచి 57 దాకా క్రికెట్ బోర్డుకి అధ్యక్షులుగా ఉన్నారు. ఉత్తరప్రదేశ్ జట్టుకి నాయకత్వం వహించమని తన పాత ప్రత్యర్థి సి.కె. నాయుణ్ణి పిలిచేరు. అప్పటికి నాయుడి వయస్సు 61! 1958లో పద్మభూషణ్ వచ్చింది. 1962లో విశాఖపట్నం నుంచి లోక్‌సభకి ఎన్నికయ్యేరు. కాశీలో ఆడించిన మనిషి చివరికి మనవాళ్ళ వోట్లతోనే ఢిల్లీ వెళ్ళేరు. 1965 డిసెంబరు 2న కాశీలోనే పోయేరు.

జట్టుకి చావు ఎలా వస్తుంది?

"మరి జట్టు ఏమయింది?" అని అడిగేడు మనవడు.

ఏమవుతుంది? ఒక మనిషి సరదాకి కట్టిన జట్టు ఆ మనిషి ధ్యాస మళ్ళగానే పోతుంది. 1948లో జమీందారీల రద్దు చట్టం వచ్చింది. అంతటితో అలాంటి జట్లని పోషించే కాలమే ముగిసింది. సభ్యులుంటే కదా సభ పెట్టి, తీర్మానం రాసి, కన్నీళ్ళు పెట్టుకోడానికి!

క్లబ్బులు చావడం లోకంలో వింత కాదు. కాని అన్ని చావులూ ఒకలా ఉండవు. మన తీరాన్నే పట్టుకుని ఉత్తరంగా పోతే వచ్చే కలకత్తాలో, అంతకు చాలా ఏళ్ళ క్రితం, విక్టోరియా రాణి కాలంలో, ఒక క్లబ్బు చనిపోయిన తీరు వినండి.

1872 క్రిస్‌మస్ రోజున కలకత్తాలోని తెల్లవాళ్ళు రగ్బీ ఆడేరు. రగ్బీ అంటే కోడిగుడ్డు ఆకారంలో ఉండే బంతిని చంకన పెట్టుకుని పరుగెత్తే ఆట. అవతలివాళ్ళు నడుం పట్టుకుని పడేస్తారు. మన చెడుగుడు ఆడిన వాళ్ళకి అది వెంటనే అర్థమవుతుంది. ఒకవైపు ఇంగ్లండువాళ్ళు ఇరవైమంది, రెండోవైపు స్కాట్‌లండు, ఐర్లండు, వేల్సులకి చెందినవాళ్ళు ఇరవైమంది. వారం తిరక్కుండా మళ్ళీ ఆడేరు. 1873 జనవరిలో 'కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్' పుట్టింది. మరుసటేడు ఇంగ్లండులోని రగ్బీ సంఘంలో సభ్యత్వం కూడా పుచ్చుకుంది.

మొదట్లో సభ్యులు కిటకిటలాడేరు. కారణం, క్లబ్బులో మద్యం ఉచితం! ఆ ఉచితం ఎత్తెయ్యగానే సభ్యులు పలచబడ్డారు. ఆడే సైనిక దళం ఒకటి ఊరు విడిచి వెళ్ళిపోయింది. పైగా కలకత్తా ఎండలో, ఉక్కలో, మీదపడి కలబడే ఆట ఎన్నాళ్ళు ఆడతారు? టెన్నిస్ వైపూ పోలో వైపూ మళ్ళేరు. అయిదేళ్ళకే క్లబ్బుకి ఊపిరి అందలేదు. అప్పుడు మిగిలిన సభ్యులు కూర్చుని ఆలోచించేరు. బ్యాంకులో ఉన్న డబ్బు పంచుకోవచ్చు. ఒక పెద్ద విందు చేసుకుని సరిపెట్టుకోవచ్చు. వాళ్ళు రెండూ చెయ్యలేదు. ఉన్నదంతా వెండి రూపాయల్లో తీసుకుని, ఆ రూపాయల్ని కరిగించి, మన దేశపు కంసాలుల చేత ఒక గిన్నె చేయించేరు. దానికి మూడు పిడులు, మూడూ పడగవిప్పిన నాగుపాములు. మూతమీద ఏనుగు. 1878లో ఆ గిన్నెని ఇంగ్లండు రగ్బీ సంఘానికి ఇచ్చేసి, ఏటేటా దీనికోసం పోటీ జరిపించమని కోరేరు.

1879లో ఎడింబరోలో ఇంగ్లండుకీ స్కాట్‌లండుకీ మధ్య ఆ గిన్నె కోసం మొదటి మ్యాచి జరిగింది. అది ఎటూ తేలకుండా ముగిసింది. అప్పటినుంచి ఆ రెండు దేశాలూ 'కలకత్తా కప్పు' కోసం తలపడుతూనే ఉన్నాయి. 1988లో విందు మత్తులో ఇద్దరు ఆటగాళ్ళు దాన్ని ఎడింబరో వీధుల్లో బంతిలా తన్ని సొట్టలు పెట్టేరు. బాగుచేయించేరు. కలకత్తాలో 1884లో మళ్ళీ అదే పేరుతో క్లబ్బు పుట్టిందనుకోండి. కాని ఆ పాత క్లబ్బులో ఆడినవాళ్ళ పేర్లు ఇప్పుడెవరికి కావాలి? వాళ్ళ రూపాయలు మాత్రం నాగుపాములై, ఏనుగై బతికున్నాయి.

మనవడు చాలాసేపు మాట్లాడలేదు. తరవాత, "విజ్జీ కూడా ఒక కప్పు ఇచ్చి ఉంటే బాగుండేది కదా తాతా" అన్నాడు.

గిన్నె ఇవ్వాలని ఆయనకీ ఉండేది. 1934లో దేశమంతటికీ ఒక పోటీ పెట్టాలనుకున్నప్పుడు, వైస్రాయి విల్లింగ్డన్ పేరున ట్రోఫీ ఇస్తానని విజ్జీ ముందుకొచ్చేరు. పాటియాలా మహారాజు రంజిత్ సింహ్‌జీ పేరున ఇస్తానన్నారు. రాజులిద్దరి మధ్యా పెద్ద పంతం నడిచింది. చివరికి నిలిచింది రంజీ ట్రోఫీ. వైస్రాయి పేరు నెగ్గకపోవడమే మంచిదయింది.

నిలిచినవీ నిలవనివీ

ఇదంతా చెప్తూంటే నాకు ఇంకో సంగతి మనసులో మెదిలింది. విజ్జీ తండ్రి విజయరామ గజపతిగారు 1919లో మన ఊళ్ళో సంగీత కళాశాల పెట్టించేరు. ఆదిభట్ల నారాయణదాసుగారు మొదటి ప్రిన్సిపాలు. తరవాత ద్వారం వెంకటస్వామినాయుడుగారు. ఘంటసాల అక్కడే చదువుకున్నారు. సుశీల అక్కడే నేర్చుకున్నారు. జమీందారీ పోయింది, దివాణం పోయింది, కళాశాలకి నూరేళ్ళు దాటేయి. సాయంత్రం ఆ వీధిన వెళ్తే పిల్లల గొంతులు ఇప్పటికీ వినిపిస్తాయి.

తండ్రి ఖర్చుపెట్టిందీ, కొడుకు ఖర్చుపెట్టిందీ ఒక ఇంటి సొమ్మే. ఆ సొమ్ముకి మూలం ఈ జిల్లా రైతు చెల్లించిన శిస్తు. తండ్రి ఖర్చు ఊరి పిల్లలు కూర్చునే చాపగా మారింది. కొడుకు ఖర్చు కాశీలో చప్పట్లుగా మారింది. చప్పట్లు తప్పని నేననను. జార్డిన్‌ని ఓడించిన రోజున ఆ చప్పట్లలో ఒక దేశపు ఆశ కూడా కలిసి ఉంటుంది. కాని ఆ చప్పట్లు మన ఊరిదాకా వినబడలేదు. అప్పట్లో ఇక్కడి కుర్రవాడికి కాశీ మైదానంలో ఏం జరుగుతోందో పేపరు చూస్తేగాని తెలియదు.

అయినా కాలం చిత్రమైనది. విజ్జీ పోయిన తరవాత విశ్వవిద్యాలయాల కుర్రాళ్ళకి ప్రాంతాలవారీగా ఒక క్రికెట్ పోటీ పెట్టి దానికి 'విజ్జీ ట్రోఫీ' అని పేరు పెట్టేరు. బతికుండగా ఆయన ఇవ్వబోయిన గిన్నె నిలవలేదు. పోయేక ఆయన పేరున ఇచ్చిన గిన్నె నిలిచింది. మన ఊళ్ళో ఇప్పుడు విజ్జీ స్టేడియం ఉంది. పొరుగున శ్రీకాకుళంలో కోడి రామమూర్తి స్టేడియం ఉంది. వీరఘట్టంలో పుట్టి, విజయనగరంలో కండలు పెంచి, గుండెమీద ఏనుగు నెక్కించుకున్న ఆ మల్లుడి సర్కసు డేరా ఎప్పుడో దించేశారు. పేరు మాత్రం కుర్రాళ్ళు పరుగులుతీసే చోట ఉంది. పేరు ఉండవలసిన చోటు అదే.

మర్నాడు పొద్దున్న పిల్లలిద్దర్నీ విజ్జీ స్టేడియానికి తీసుకువెళ్ళేను. పోలీసు ఉద్యోగాలకి తయారవుతున్న కుర్రాళ్ళు చెప్పుల్లేకుండా పరుగెడుతున్నారు. ఒక మూల అయిదారుగురు పిల్లలు రబ్బరుబంతితో ఆడుతున్నారు. వాళ్ళలో ఒకణ్ణి పిలిచి, "ఈ స్టేడియం ఎవరి పేరున ఉందో తెలుసా బాబూ?" అని అడిగేను.

"విజ్జీ పేరున" అన్నాడు వాడు.

"విజ్జీ ఎవరు?"

వాడు నా మొహం చూసేడు, బోర్డు చూసేడు. "ఏటో తాతా, మనూరి రాజుట" అని, బంతి వస్తూంటే పరుగెత్తేడు.

మా మనవడు ఒక్క క్షణం తటపటాయించి, జోళ్ళు విప్పేసి వాళ్ళతో కలిసేడు. మనవరాలూ ఆగలేదు. నేను గట్టుమీద కూర్చున్నాను. కాసేపటికి తగువు మళ్ళీ మొదలయింది. మనవడు కొట్టిన బంతి గోడకి తగిలింది. అది పరుగుల్లో కలుపుకోవాలా వద్దా అని.

ఆ లెక్క కూడా తేలకుండానే ఇంటికొచ్చేం.